అవ్వ చేతుల మీది నీలం

మొన్న నా మనుమరాలు అఖిల నన్ను పట్నం తోల్కపోయింది. నా బిడ్డకు బిడ్డ అది. అక్కడ కాలేజీల రాళ్ల చదువు చదువుతది. ఏ రాయి ఎట్ల పుట్టింది, ఏ మన్నుల ఏమేం కలిసున్నయి అని తెలుసుకునే చదువు. రాళ్లకు గూడ ఫీజు కట్టి చదువాల్నా అని నేను ఎప్పుడూ ఎక్కిరిస్త. ఆ ఎక్కిరింపు బందు చేయించాలెనని కావచ్చు, రాళ్లు పెట్టిన గదికి నన్ను చెయ్యి పట్టుకొని తీస్కపోయింది. అద్దాల డబ్బాలల్ల రంగురంగుల రాళ్లు, కింద చిన్న చిన్న కాయితాలు. మా జహీరాబాద్ ఎర్రరాయి గూడ ఉండె. మేం గోడలకు పెట్టుకునే రాయిని అద్దంల పెట్టి దాసుకున్నరు. చూసి నవ్వుకుంట ఒక మూలకు వచ్చిన. ఆ మూల డబ్బా మీద నల్లగుడ్డ కప్పి ఉండె. అఖిల గుడ్డ ఎత్తింది. లోపట ఒక బొక్క ముక్క, ఎన్కటి జంతువుది. దాని నడిమిట్ల, మూలుగ ఉండే జాగల, నీలం. బట్టలకు పెట్టే నీలిమందు నీళ్లల్ల కలపకముందు ఎట్లుంటది, అసొంటి నీలం.  అక్కడున్న స్టూలు మీద కూలబడ్డ.

షుగర్ తగ్గిందేమోనని అఖిల చాక్లెట్ ఇచ్చింది. అది నోట్లె పెట్టుకొని, గుడ్డ ఎందుకు కప్పిన్రే అని అడిగిన. ఎలుతురు తాకితే పాడైతదట. దాని పేరు వివియనైట్ అని చెప్పింది. నా నాలుక తిరిగే దాకా మల్లమల్ల అనిపించింది. బొక్కలల్ల ఉండే భాస్వరం, మన్నుల ఉండే ఇనుము, గాలి చొరని బురద, నిలువ నీళ్లు. ఇవన్నీ ఒక్కకాడ చాన ఏండ్లు కలిసుంటే ఆ రాయి పుడతదట. గోటితోని గీకితే గీత పడేంత మెత్తగుంటదట. భూమిలున్నన్ని దినాలు దానికి రంగే ఉండదట, తెల్లగనో అద్దం లెక్కనో ఉంటదట. బయటికి తీసి గాలి, ఎలుతురు తగిలినంక నీలమైతది, అట్లనే వదిలేస్తే నల్లబడి పొడి పొడి రాలుతది. ఇసొంటిది నేను చూసిన్నే అన్న. అఖిల నవ్వింది. అది ఎక్కడబడితే అక్కడ దొరకది అమ్మమ్మా, చాన అరుదు అన్నది.   జహీరాబాద్ వచ్చి ఇంట్ల చెప్పులు ఇడిసినంక అది అడిగింది, ఎందుకు గట్ల కూలబడ్డవ్ అని. చెప్పుడు నాతోని కాలే. రాసుడు అయితదేమోనని కూసున్న. నాకు అక్షరాలు నలభై ఏండ్లు దాటినంక వచ్చినయి. ఒత్తులు, దీర్ఘాలు తప్పు పడితే పడనీ. చూసింది మాత్రం తప్పు చూడలే.

మా ఊరు న్యాల్‌కల్ దిక్కు, కర్ణాటక సరిహద్దుకు దగ్గర. మా ఇంట్ల మొగోళ్లు ఉండుడు తక్కువ. నాయిన చెరుకు కొట్టుటానికి సరిహద్దు అవుతలికి పోతే, ఎండలు ముదిరినంకనే వచ్చేటోడు. ఇంట్ల నన్ను కన్న అవ్వ మాణెమ్మ, నాయినమ్మ, నేను. ఇల్లంటే ఒకటే అర్ర, ముందట సాయమాను. పొద్దుగాల లేస్తే కందికట్టెల పొగ, దాని మీద కుసుమ నూనె కాగుతున్న వాసన. ఆ నూనె వాసన ఇప్పటి పిల్లలకు తెల్వదు, డబ్బాల నూనెకు వాసనే ఉండది. నాయినమ్మ పొద్దంత గోడకు ఆనుకొని కూసుండి తంబాకు నలిపేది. ఎడమ అరచేతుల ఆకు, దాని మీద ఇంత సున్నం, కుడిచేతి బొటనవేలుతోని నలుపుడు, పొట్టు ఊది దవుడకు పెట్టుకునుడు. సున్నం డబ్బీ ఖాళీ అయితే ఆమెకు ఇల్లంత చీకటైనట్టే. అవ్వను పేరు పెట్టి పిలిచేది గాదు, ఏమే అనేది. కని అవ్వకు జరం వస్తే రాత్రి కాళ్లు పిసికేది ఆమెనే.

మా పక్కిల్లు చంద్రమ్మది. రెండిండ్లకు నడుమ ఒక్కటే మట్టిగోడ, అండ్ల చెయ్యి పట్టేంత కంత. ఆ కంతలకెళ్లి నిప్పులు, ఉప్పు, ఉల్లిగడ్డ, ఊరి ముచ్చట్లు అన్నీ అటు ఇటు పోయేటివి. చంద్రమ్మ అవ్వ కంటె చిన్నది, అక్కా అక్కా అని తిరిగేది. చంద్రమ్మ మొగడు గూడ మా నాయినతోనే చెరుకుకు పోయేటోడు. ఆమెకు ఒక్కతే బిడ్డ, సుశీల. అప్పుడప్పుడే అడుగులేస్తున్నది. వాళ్లవ్వ కూలికి పోతే ఆ పిల్ల నా సంకనే. దాని చీమిడి తుడిచి తుడిచి నా పావడ అంచు గట్టిపడిపోయేది.

ఆ ఏడు వానలు రాలే. ఊరి చేదబావులన్నీ ఎండినయి. ఎర్రమట్టి గడ్డ కింద పాత మెట్లబావి ఒకటి ఉండె. దాంట్ల నీళ్లు ఎన్నడూ వట్టిపోవని చెప్పుకునేటోళ్లు గని, పూడికతోని నిండి ఎవరూ వాడకపోయేది. పటేలు దండోరా ఏయించిండు, ఇంటికొక్కలు రావాలె, పూడిక తీయాలె అని. మొగోళ్లు అడుగున పారతోని గంపలు నింపుడు, ఆడోళ్లు మెట్ల మీద వరుసగ నిలబడి చేతులు మార్చుకుంట పైకి ఇచ్చుడు. మా ఇంట్ల మొగోడు లేడని అవ్వను అందరికంటె పైన నిలబెట్టిన్రు, బురద మోసి కుప్ప మీద పోసే జాగల. పై మన్ను ఎర్రగ వచ్చింది. లోపటికి పోతున్నకొద్ది నల్లగ, జిగురుగ, కుళ్లిన గుడ్డు వాసన. ఎన్కట ఏనాడో పడి సచ్చిన దూడలు, బర్రెలు కావచ్చు, బురదల బొక్కలు వచ్చినయి. చెప్పులు లేని కాళ్లకు కోసుకపోతయని అవ్వ వాటిని ఏరి పక్కకు పెడుతున్నది. ఒక పెద్ద బొక్క, బర్రె తొడది, చేతుల్నే పలిగింది. లోపట తడి సున్నం లెక్క తెల్లటి ముద్ద.

అవ్వ సున్నమే అనుకున్నది. సున్నం ఊరికే దొరికితే ఎవలు ఇడిసిపెడతరు. వేళ్లతోని గోకి, మోదుగాకుల పెట్టి, సుశీలను ఎత్తుకొని గట్టు మీద కూసున్న నన్ను పిలిచి, నాయినమ్మకు ఇచ్చి రమ్మన్నది. ఉరికిన. నాయినమ్మ నాలుక కొసకు పెట్టుకొని ఉమ్మేసింది. ఇది సున్నం గాదు, మండుతలేదు, మీ అవ్వకు కండ్లు దొబ్బినయా అన్నది. ఆకు వాకిట్ల పడేసింది. నేను మల్ల బావికాడికి వచ్చేసరికి అందరు తిండికి కూసున్నరు. సుశీల నా సంకకెళ్లి దిగి అవ్వ ఒడిలకు పోయింది. అవ్వ చేతులు కొంగుకు తుడుచుకున్నది, అదే కొంగుతోని పిల్ల ముక్కు తుడిచింది, రొట్టె పప్పుల నానబెట్టి ముద్ద పెట్టింది. ఎదురుంగ కూసున్న ఒకామె నములుడు ఆపింది.

"మాణెమ్మా, నీ చేతులేందే గట్లున్నయి?"

గోళ్ల సందులు, వేళ్ల గీతలు, కొంగు అంచు, అన్నీ నీలం. అందరి తలకాయలు పక్కనున్న బొక్కల కుప్ప దిక్కు తిరిగినయి. పొద్దున తెల్లగున్న బొక్కలు మధ్యాహ్నానికి నీలమైనయి.  అందరు లేచిన్రు, తినేటిది అట్లనే ఇడిసిపెట్టి. చంద్రమ్మ వచ్చి పిల్లను అవ్వ ఒడిలకెళ్లి గుంజుకున్నది. అవ్వతోని ఒక్క మాట గూడ అనలే. ఆ అనకపోవుడే నాకు మొదటి భయం.

పొద్దుగూకక ముందే సుశీలకు జరం కాగింది. ఆనెంక ఫిట్స్ వచ్చినయి. కంతలకెళ్లి చూసిన నేను. పిల్ల కట్టె లెక్క బిగుసుకుంది, కండ్లు పైకి పోయినయి, పెదవులు నీలమైనయి. ఆ పెదవులు చూసినోళ్లకు ఇంకేం చెప్పాల్సిన పని లేకుండె. మాణెమ్మ చేతి నీలం పిల్ల నోటికెక్కింది అని వాడంత ఒక్కటే మాట. చంద్రమ్మ ఆ కంతను బురదముద్దతోని మూసింది. లోపటికెళ్లి చేతులతోని సదును చేస్తున్న సప్పుడు మా దిక్కు ఇనిపించింది.

మా దిక్కు బాణామతి అంటరు. కంటికి కనవడకుండ ఒక మనిషి ఇంకో మనిషి మీద చేసే చెడ్డపని. ఎవలకన్న తెల్వని రోగమొస్తే, పశువు సస్తే, ఎవలు చేసిన్రు అని ఎతుకుతరు. ఎతికితే దొరుకుతరు, ఎప్పటికైన ఆడిదే దొరుకుతది, ఎన్క మొగోడు లేనిది దొరుకుతది. దొరికినంక పండ్లు పీకుతరు. పండ్లు లేకుంటే మంత్రం సక్కగ పలకదని, పలకకుంటే పారదని. నేను ఊరికే ఇన్న ముచ్చట గాదు ఇది. పక్కూరామె ఒకతె జొన్నలు కోసినప్పుడు కల్లం కాడికి అడుక్కోను వచ్చేది. మూతి లోపటికి గుంజుకపోయి, ముసల్ది గాకుండనే ముసల్దాని లెక్క ఉండేది. ఏమో అనేది, గాలి తప్ప మాట వచ్చేది గాదు. పిల్లలం ఉరికేటోళ్లం. ఒకపారి ఉరకలేక నేను దొరికిన. ఆమె నా నెత్తి మీద చెయ్యి పెట్టి ఏదో చెప్పింది. ఏం చెప్పిందో నాకిప్పటికీ తెల్వదు. రెండు మూడు దినాలు గాదు, ఏండ్లకేండ్లు ఆ నోరు నాకు కలల పడ్డది.

పటేలు బీదర్ తొవ్వల ఉండే ఒక భూతవైద్యునికి మనిషిని పంపిండు. తెల్లారి వస్తడన్నరు. నాయినమ్మ అవ్వను పొమ్మన్నది; రాయికోడ్ మీ తల్లిగారింటికి ఇప్పుడే పో, పొలాల నడుమకెళ్లి పో అన్నది. అవ్వ పోలే. పోతే ఒప్పుకున్నట్టే, నేను పోతే ముసలిదానివి నువ్వుంటవ్, ఇది ఉంటది అని నా దిక్కు చూసింది. నాయినమ్మ తంబాకు నలుపుకుంట కూసున్నది. నలిపిన తంబాకు నోట్లె పెట్టుకోలే, మల్ల మల్ల నలుపుతనే ఉన్నది.

పొద్దు పొడిసినంక అవ్వ ఎన్క దొడ్లె బండ మీద కూసుండి, నిన్నటి చీర పిండుదామని తీసింది. ఉన్నయి రెండే చీరలు. బురద తాకిన కొంగును ఆమె ముడేసి పెట్టింది, ఎవలకు కనవడొద్దని కావచ్చు. ముడి ఇప్పింది. నేను ఆమె భుజానికి ఆనుకొని నిలబడ్డ. ఆ పొద్దు నేను ఆమెను ముట్టకుండ ఒక్క గడియ లేను. ముడి పైన నీలం. లోపటి మడత ఇంక తడి తడిగనే ఉన్నది, అండ్ల తెలుపు. అవ్వ చూసింది. మడత అట్లనే ఎండల పరిసింది. ఇద్దరం చూస్తున్నం. మొదలు ఏం కాలే. ఆనెంక అంచుకు బూడిద రంగు, బూడిదకెళ్లి లేత నీలం. అవ్వ ఇంకో మడత ఇప్పింది. అది గూడ తెల్లగనే ఉండె. అది గూడ మారింది. ఆమె చేతులు రెండు ఒడిల పెట్టుకొని, ముట్టకుండ చూసింది.

"సంగీ, చూసినవా? నేను ముడతలేనే. ఎండ ముడుతున్నది."

ఆ మాట అనేటప్పుడు ఆమె నోరు చూసిన నేను. తెల్లటి, గట్టి పండ్లు. ముందటి రెండిటి నడుమ చిన్న సందు. అప్పటిదాకా అవ్వకు పండ్లున్నయని నేను చూసినట్టే లేకుండె. ఇగ అదే చూసుడు పెట్టిన. పిలువను వచ్చిన తలారి వాకిట్ల నిలబడి లోపటికి రాకుండ కట్టెతోని దర్వాజ కొట్టిండు. పటేలు రమ్మంటుండు అన్నడు. అవ్వ చీర బకెట్ల పడేసి, మొకం కడుక్కొని, బొట్టు పెట్టుకొని ఎల్లింది. నేను కొంగు పట్టుకున్న. నాయినమ్మ కట్టె పొడుచుకుంట ఎన్కనే వచ్చింది.

బావికాడనే కూడిన్రు, పూడిక కుప్ప పక్కన. పటేలు మంచం మీద, వైద్యుడు చాప మీద. చాప మీద ఎర్రగుడ్డ, గుడ్డ మీద పట్కారు. కట్టెపని చేసే వడ్లాయన దగ్గర తెచ్చిందే అది, మేకులు పీకేది. దాని పిడికి వడ్లాయన చుట్టిన తాడు గూడ నేను గుర్తుపట్టిన. వైద్యుడు సన్నగ, మర్యాదగ మాట్లాడే మనిషి. సగం కన్నడం, సగం మన మాట. కోపం చేస్తే నాకింత భయం కాకపోవు. చంద్రమ్మ పిల్లను భుజానేసుకొని నిలబడ్డది. పిల్ల తలకాయ ఏలాడుతున్నది, ఊపిరి గురక లెక్క. ఎండ గట్టిగ ఉండె.

నాయినమ్మ ముందుగాల అందుకున్నది. ఆ తెల్లముద్ద నేను నాలుక మీద పెట్టుకున్న, నాకేం కాలే, మరి పిల్లకెట్లయితది అన్నది. వైద్యుడు తలకాయ ఊపిండు. అత్తకు ఎందుకైతది, నేర్పింది అత్తనే గద అన్నడు.  నాయినమ్మ గూడ దొరికిపోయింది అప్పుడు. నాకు అర్థమైంది, ఎవలు మాకోసం మాట్లాడితే వాళ్లను గూడ దాంట్లెకే గుంజుతరని. ఊర్ల మాతోని మంచిగున్నోళ్లు ఎందుకు నేల చూస్తున్నరో గూడ అర్థమైంది.

అవ్వ పటేలు ముందట మోకాళ్ల మీద కూసున్నది. మాటలు వరుసగ వచ్చినయి.

"పటేలా, నీ కాల్మొక్త. నా చెయ్యి తాకితేనే బొక్క నీలమైందంటున్రు గద. నేను ఈడనే కూసుంట, కదల. ఆ కుప్ప లోపట ఇంక తడి ఉన్నది. ఎవలన్న ఇంకో బొక్క తీసి పలగ్గొట్టుండ్రి. తెల్లగుంటది. పట్టుకోండ్రి. నీలం కాకుంటే, నా పండ్లు మీ ఇష్టం."

ఎవలు ముందుకు రాలే. పటేలు ఒక జీతగాన్ని చూసిండు, వాడు ఎన్కకు జరిగిండు. నిన్న మొన్నటిదాకా ఆ బురదల మోకాళ్లమంట దిగినోళ్లే ఇయ్యాల వేలు పెట్టమంటే పెట్టరు. వైద్యుడు పట్కారు చేతికి తీసుకున్నడు. అప్పుడు చంద్రమ్మ కదిలింది. పిల్లను నాకిచ్చింది. ఆమె కండ్లల్ల అవ్వ మీద జాలి ఏం లేకుండె, ఆ మాట నేను దాసిపెట్ట. ఆమెకు నిజం తెల్వాలె, గంతే. పిల్ల సస్తున్నది. నా చేతులల్ల సుశీల ఒళ్లు పెనం లెక్క కాలింది.

చంద్రమ్మ కుప్పను రెండు చేతులతోని తవ్వింది. బొక్క తీసింది, రాయికేసి కొట్టింది. లోపట తెలుపు. చారెడంత గోకి అరచేతుల పెట్టుకొని, చెయ్యి చాపి ఎండల నిలబడ్డది. అందరు ఆ చెయ్యినే చూస్తున్నరు. మారలే. పటేలు చుట్ట అంటించుకున్నడు. మారలే. అవ్వ నేల మీద కూసుండి పెదవులు గట్టిగ మూసుకున్నది. నేను మొక్కిన, ఏ దేవునికో ఎరుక లేదు, రంగుకే మొక్కిన. నీలమై పో, తొందరగ నీలమై పో అని. అంతకు ముందు రోజు ఆ నీలం చూసి అందరికంటె ఎక్కువ భయపడ్డదాన్ని నేనే. పటేలు చుట్ట సగం కాలేసరికి చంద్రమ్మ వేలి సందుల బూడిద రంగు కనవడ్డది. ఆనెంక నీలం.

అమ్మయ్య అనుకున్న. ఒక్క ఊపిరి మాత్రమే. ఎన్కకెళ్లి ఒక మొగ గొంతు వచ్చింది, అయితే ఇద్దరూ నేర్చుకున్నరన్న మాట అని. గోడకు కంత పెట్టుకున్నది గందుకేనా అని ఇంకో గొంతు. సొంత బిడ్డనే బలి ఇచ్చుకున్నదేమో అని ఇంకొకటి. గుంపు తిరిగింది. నేను కండ్లార చూసిన, మనుషులు అందరు కలిసి ఒక్క మనిషి లెక్క అవ్వ మీదికెళ్లి చంద్రమ్మ మీదికి తిరిగిన్రు. చంద్రమ్మ చాపిన చెయ్యి దించలే. దాన్ని ఎక్కడ పెట్టుకోవాల్నో ఆమెకు తెల్వలే. వైద్యుడు చాప మీదికెళ్లి లేచిండు.

అవ్వ అప్పుడు ఊరుకుంటే అయిపోయేది. ఆమె పండ్లు ఆమె నోట్లె ఉండేటివి. నిన్న బిడ్డను ఒడిలకెళ్లి గుంజుకున్నదీ, కంత మూసిందీ చంద్రమ్మనే. నేనైతే ఊరుకుందును; నా మనసుల నేను ఊరుకునే ఉన్న, ఇగ ఇంటికి పోదాం అవ్వా అనే అనుకుంటున్న. అవ్వ లేచింది. లేచి పోయి చంద్రమ్మ ముందట నిలబడ్డది. పలిగిన బొక్కల ఇంక తెల్లముద్ద మిగిలుండె. దాన్ని వేలితోని తీసి పటేలు దిక్కు చాపింది, నువ్వు పట్టు పటేలా అన్నది. పటేలు రెండు చేతులు ఎన్కకు పెట్టుకున్నడు. అంత పెద్ద మనిషి, పిల్లగాడు దెబ్బలకు దాసుకున్నట్టు దాసుకున్నడు. అందరు చూసిన్రు. అవ్వ వైద్యుని దిక్కు తిరిగి, ఆయన చేతిల ఉన్న పట్కారుకు ఆ ముద్ద పూసింది. ఆయన ఉలిక్కిపడి కింద పడేసిండు. ఎర్రగుడ్డ మీద ఎండల పడ్డది పట్కారు.

ఎవలూ పోలే.  ఇనుము మీద తెల్లటి మరక, మెల్లగ, చాన మెల్లగ, నీలమైంది.

"దీనికి మంత్రం ఎవలు నేర్పిన్రు, అయ్యా?"

వైద్యుడు గుడ్డ గూడ తీసుకోకుండ ఎల్లిపోయిండు. పటేలు గొంతు సవరించుకొని, పిల్లకు జరం ఎక్కువున్నది, జహీరాబాద్ దవాఖానకు తీస్కపోండ్రి, నా బండి కట్టుండ్రి అన్నడు. మంచితనం గాదు అది. తన చేతుల దిక్కు ఎవలూ చూడకుండ ఉండాలెనని. కని బండి కట్టిన్రు. బండిల చంద్రమ్మ, అవ్వ, పిల్ల, నేను.  అవ్వ తడిగుడ్డ పిల్ల నుదుటి మీద పెట్టుకుంట, ఎండకు కొంగు అడ్డం పట్టింది. దవాఖానల సూది ఇచ్చిన్రు, సెలైన్ ఎక్కించిన్రు. జరం మెదడుకెక్కితే పిల్లలకు ఫిట్స్ వస్తయి, ఊపిరి అందక పెదవులు నీలమైతయి అని డాక్టరు చెప్పిండు. సుశీల బతికింది. ఇప్పుడు మొగుడంపల్లిల ఉంటది, మనుమలున్నరు. ఆమెకు ఈ ముచ్చట ఏం యాది లేదు. ఉండదు గద.

ఊర్ల ఒక్కలు గూడ తప్పైంది మాణెమ్మా అనలే. కంత తెరుచుకోలే. ఆ బావి నీళ్లు మంచిగనే ఊరినయి, ఎవలు ముట్టలే. ఆనెంక దూపకు తాళలేక ముట్టిన్రు. ముట్టే ముందు అవ్వ తాగుతదా లేదా అని చూసేటోళ్లు. ఆమె తాగి బిందె నెత్తికెత్తుకుంటె అప్పుడు చేద ఏసేటోళ్లు. అది మర్యాద అనుకునేదాన్ని. కాదు, భయమే అది, వేరే బట్ట కట్టుకున్నది. నా భయం గూడ పోలే. బడి ఆ బావి తొవ్వలనే ఉండె; ఆ తొవ్వల పొమ్మంటే నేను అవ్వ కొంగు ఇడిసేదాన్ని గాదు. రెండు మూడుసార్లు గుంజి, ఇగ ఇడిసిపెట్టిన్రు. నాకు అక్షరాలు అంత ఆలస్యంగ ఎందుకొచ్చినయని అడిగేటోళ్లకు ఎన్నడూ చెప్పలే, ఇప్పుడు చెప్పిన.

అఖిల ఇది సగం దాకా చదివింది. చదివి, అమ్మమ్మా, ఇనుమూ భాస్వరమూ గాలి అని అప్పుడు ఎవలన్న చెప్పుంటే ఇంత కాకపోవు గద అన్నది. దాని చదువు మీద దానికి నమ్మకం ఉన్నది, ఉండనీ. నేనైతే అట్ల అనుకోను. అవ్వ చూపెట్టింది గద, అందరి కండ్ల ముందట. చూసినంక వాళ్లు చేసిన మొదటి పని ఇంకో ఆడిదాన్ని చూసుకునుడు. ఇప్పుడు మా గల్లీల ప్రతి ఇంట్ల సదువుకున్నోళ్లే. ఆ నడుమ మూడో ఇంటామె వాకిట్ల పసుపు పూసిన నిమ్మకాయ దొరికితే, ఫోన్లల్ల ఫోటో తిరిగింది. దాని కింద, మొగడు సచ్చిపోయి ఒక్కతే ఉంటున్న టీచరమ్మ పేరు రాసిన్రు. పేరు రాసినోళ్లు ఒత్తులు, దీర్ఘాలు అన్నీ సక్కగనే రాసిన్రు. నేను పోయి ఆ నిమ్మకాయ తీసి, అందరు చూస్తుండంగ పిండి సర్బత్ చేసుకొని తాగిన. మొండి ముసల్ది అని నవ్విన్రు.  ఆ టీచరమ్మ నవ్వలే. ఆనాటికెళ్లి పొద్దున నేను పాలకు పోయే టైముకే ఆమె గూడ ఎల్తది.

అవ్వ చాన ఏండ్లు బతికింది. పోయిన నాడు ఒళ్లు కడిగేటప్పుడు ఆడోళ్లం నలుగురం ఉన్నం. చంద్రమ్మ నడుము వంగిపోయి ఉండె, అయినా చెంబు ఎవలకూ ఇయ్యలే, తనే నీళ్లు పోసింది. మొకం కడుగుతుండంగ నేను అవ్వ పెదవి వేలితోని కొంచెం జరిపి చూసిన.  చంద్రమ్మ నీళ్లు పోసుడు ఆపింది, నేను చూసే దాకా ఆగింది, తలకాయ ఎత్తలే. నేను మొత్తం చూసిన. ఊడినయి వయసుకు ఊడినయి. పీకింది ఒక్కటి లేదు.